డబ్బు ముట్టిన గోడలు

రూలు మేస్త్రి ఇల్లు కొన్నాడని తెలిసి చూడ్డానికి వచ్చిన చుట్టాలు లోపల ఉన్నంతసేపూ బాగుంది, బాగుంది అన్నారు. వీధి మలుపు తిరిగాక ఒకళ్ల మొహం ఒకళ్లు చూసుకుని నవ్వుకున్నారు. ఊళ్లో సగం మేడలకు రంగులు వేసిన మనిషి, సొంతింటికి వచ్చేసరికి గోడలన్నిటికీ తెల్ల ప్రైమరు పూసి ఊరుకున్నాడు. ముందు గది, రెండు పడకగదులు, వంటిల్లు, మధ్యలో నడవ, ఎటు చూసినా తెలుపే. ఆస్పత్రిలా ఉందని ఒకరన్నారు. డబ్బు చాలక ఆగిపోయి ఉంటుందిలే పాపం అని ఇంకొకరు జాలిపడ్డారు. జాలిపడిన వాళ్లే ఎక్కువ నవ్వారు, అది వేరే సంగతి.

డబ్బు చాలకపోవడం మాట అటుంచి, అసలు కారణం అతని రూలు. కొత్తగా పనిలో దిగిన రోజుల్లో ఒక ఆసామి ఇల్లంతా రంగు వేయించుకుని, తీరా డబ్బు అడిగితే రేపు మాపు అని తిప్పి తిప్పి ఎగ్గొట్టాడు. ఆ దెబ్బతో మేస్త్రి ఒక నియమం పెట్టుకున్నాడు. డబ్బు ముట్టని గోడకు ఆఖరి కోటు పడదు. లప్పం పెడతాడు, ప్రైమరు వేస్తాడు, అడిగితే మొదటి కోటు కూడా వేస్తాడు. ఆఖరి కోటు మాత్రం ఎంత డబ్బు చేతిలో పడితే అంత గోడకే. ముందు మొహమాటం, వెనక మొహమాటం ఏమీ లేవు. పెళ్లయిన కొత్తలో మామగారి ఇంటికి పని చేసి, సగం డబ్బే ముట్టిందని సగం ఇంటికే మెరుపు తెప్పించి వచ్చేశాడు. ఆ మామగారు రెండు నెలల పాటు వచ్చినవాళ్లందరినీ మెరిసే వైపే కూర్చోబెట్టుకున్నాడు.

ఆ మామగారి కూతురే ఈ కథలో మనిషి. మెయిన్ రోడ్డు మీద అద్దె కొట్టులో కర్టెన్లు కుడుతుంది కాబట్టి అందరికీ కర్టెన్లమ్మ. మేస్త్రి ఆమెకు వరసకు బావ. పెళ్లయి ఎన్నేళ్లయినా ఆ పిలుపు మారలేదు.

"మన ఇల్లు మనకే డబ్బు ఎగ్గొడుతుందా బావా? మిగతా కోట్లు కూడా వేసెయ్యి. కళ్లు గుంజుతున్నాయి ఈ తెలుపుకి," అంది ఇంట్లో దిగిన మొదటి సాయంత్రం.

"మనిల్లు అని ఎవరన్నారే? బ్యాంకుది. మనం కట్టిన మేరకే మనది."

"వీడి రూళ్లు వీడి అమ్మనైన నాకే కొరుకుడు పడవు, నువ్వెందుకు నోరు నొప్పి పెట్టుకుంటావు," అంది అత్తగారు మూటలు విప్పుతూ. "పుట్టినప్పుడు కూడా డాక్టరుకి ఫీజు కట్టేదాకా ఏడవలేదు వీడు."

మేస్త్రి అప్పటికే కొలతలు తీసేశాడు. ఇంటి గోడలన్నీ లోపలా బయటా కలిపి, ప్రహరీతో సహా మూడు వేల చదరపు అడుగులు. పాతికేళ్ల అప్పు, అంటే మూడు వందల నెలల వాయిదాలు. నెలకు పది అడుగులు. లెక్క ఇంత శుభ్రంగా తెగినందుకు అతనికి ఎంత సంతోషమంటే, ఇల్లు కొన్నందుకు కూడా అంత సంతోషపడలేదు. వాయిదా కట్టిన రోజు సాయంత్రం స్నానం చేసి, పెన్సిలుతో గోడ మీద పది అడుగులు గీసి, కర్టెన్లమ్మ ఎంచిన నిమ్మపండు పసుపు ఆ గళ్లో నింపేవాడు. గీత దాటి ఒక చుక్క పడితే గుడ్డతో తుడిచేవాడు. అత్తగారు కుర్చీ వేసుకుని సినిమాలా చూసేది.

ఇందులో కర్టెన్లమ్మకు నవ్వు రాని సంగతి ఒక్కటే ఉంది. వాయిదా పెద్దది. ఇళ్ల లోపల వేసే రంగు పనితో అది పూడదు. అందుకని మేస్త్రి తాడు పనికి ఒప్పుకున్నాడు. ఎత్తైన బిల్డింగుల పైకప్పు నుంచి తాళ్లు వదిలి, వాటికి కట్టిన చెక్క పలక మీద కూర్చుని, బయటి గోడలకు రంగు వేస్తూ అంతస్తు అంతస్తు కిందికి దిగే పని. కూలి దాదాపు రెట్టింపు. అప్పు కాగితాల మీద సంతకం పెట్టిన రోజే ఆమె ఒక మాట తీసుకుంది.

"ఎన్నాళ్లు ఈ తాడు?"

"ఇల్లు సగం రంగు పడ్డ రోజు దిగిపోతా. సగం మనదైతే మిగతా సగానికి నేల మీద పని చాలు."

సగం అంటే అతని లెక్క ప్రకారం పన్నెండున్నర ఏళ్లు. ఎక్కువే. కానీ మాట తప్పే మనిషి కాడు, ఆ నమ్మకంతో ఆమె ఊరుకుంది. ఊరుకుంది కానీ గాలి ఊరుకోదు కదా. కొట్టులో మిషను ముందు కూర్చున్నప్పుడు వేలాడదీసిన కర్టెను కాస్త కదిలిందంటే చాలు, ఆమె మిషను ఆపేసేది. ఆ వీధిలో అందరూ హాయిగా గాలి వీస్తోందనుకునే రోజుల్లో ఆమె ఒక్కతే బయటికొచ్చి తలెత్తి, దూరంగా కనిపించే మేడల వైపు చూసేది. అక్కడ మనిషి కనిపించేంత దగ్గరగా ఏదీ లేదు. అయినా చూసేది.

అలా మూడేళ్లు గడిచాక ముందు గది నాలుగు గోడలూ పసుపై, ఆఖరి గడి మూల కలిసింది. ఆ సాయంత్రం మేస్త్రి గది మధ్యలో నిలబడి చుట్టూ తిరిగి తిరిగి చూసుకున్నాడు. మర్నాటి నుంచి ఇంట్లో కొత్త చట్టం అమల్లోకి వచ్చింది. ఆ గదిలో కుర్చీ గోడకు తగలకూడదు. వచ్చినవాళ్లు గది మధ్యలో ఎదురెదురుగా, మోకాళ్లు తగిలేంత దగ్గరగా కూర్చోవలసి వచ్చేది. అత్తగారి నూనె తల గోడకు ఆనకూడదు.

"నేను చచ్చాక ఫొటో అయినా ఈ గోడకు తగిలిస్తావా, దాన్నీ చేత్తో పట్టుకు నిలబడతావా?" అని అడిగింది ఆవిడ. కొడుకు కాసేపు నిజంగానే ఆలోచించాడు.

కర్టెన్లమ్మకు ఉన్న బాధ వేరే. ఆమె గుడ్డ కత్తిరించే బల్ల తొమ్మిది అడుగుల పొడవు. అది పట్టే గది ఇంట్లో ఆ ముందు గది ఒక్కటే. ఇల్లు కొన్నప్పటి నుంచీ కొట్టు ఖాళీ చేసి బల్ల ఇంటికి తెచ్చుకుంటానని బావ చెవిలో ఇల్లు కట్టుకుని పోరుతూనే ఉంది. "ఆఖరి కోటు పడుతున్న గదిలో బల్ల ఈడుస్తావా?" అని అతను ప్రాణం పోయినట్టు చూసేవాడు. దాంతో ఆమె నెలనెలా కొట్టు అద్దె కడుతూనే ఉంది, ఆ గది నెలనెలా ఖాళీగా మెరుస్తూనే ఉంది.

ఆ రోజుల్లోనే ఒక బ్యాంకమ్మాయి కొత్తగా ఇల్లు మారి కర్టెన్లకు కబురు చేసింది. మేస్త్రి అప్పు తీసుకున్న బ్యాంకే. కర్టెన్లమ్మ టేపు పట్టుకుని వెళ్లి కిటికీలు కొలుస్తూ మాటల్లో మాటగా తమ ఇంటి సంగతి చెప్పింది. నెలకు పది అడుగుల రంగు, పూర్తయిన ముందు గది, అన్నీ. కాస్త గొప్పగానే చెప్పింది.

బ్యాంకమ్మాయి మొదట పగలబడి నవ్వింది. తర్వాత నవ్వు ఆపి, "అంటే మూడేళ్లకు అప్పు వందలో పన్నెండు వంతులు తీరిపోయిందని లెక్కేసుకున్నారా ఆంటీ?" అంది.

"అంతేగా మరి. మూడు వందల్లో ముప్ఫై ఆరు."

"రేపు ఒకసారి బ్యాంకుకి రండి. చూసి చెప్తాను."

ఆ పిల్ల గొంతులో ఏదో మెత్తదనం వినిపించింది. బట్టలు చింపిన దర్జీ బేరగాళ్లతో అలాగే మాట్లాడతాడని కర్టెన్లమ్మకు తెలుసు. రాత్రంతా టేపు చుడుతూ విప్పుతూ కూర్చోలేదు గానీ, పొద్దున్నే కొట్టు తెరవకుండా బ్యాంకుకు వెళ్లింది.

కౌంటరు అవతల ఆ అమ్మాయి కంప్యూటరు తెరను ఇటు తిప్పి ఓపిగ్గా చెప్పింది. "మీరు వాయిదా కట్టగానే అందులోంచి ముందు ఆ నెల వడ్డీ పోతుంది. మిగిలిందే అసలులో తగ్గుతుంది."

"మిగిలేదెంత?"

"మొదట్లో అయితే పదిలో ఒక వంతు. ఇప్పుడు దానికి కాస్త ఎక్కువ."

"తొమ్మిది వంతులూ వడ్డీకేనా? ముందు అసలు తీర్చేసి, వడ్డీ తర్వాత నిదానంగా కట్టుకుంటే?"

"అందరికీ అదే కోరిక ఆంటీ. కానీ మిగిలిన అసలంతటి మీదా నెలనెలా వడ్డీ పడుతుంది కదా. అసలు కొండలా ఉన్నన్నాళ్లూ వడ్డీ కూడా అంతే ఉంటుంది. చివరి ఏళ్లలో తిరగబడి, కట్టింది దాదాపు అంతా అసలుకే పోతుంది."

"ఇప్పటిదాకా మాదెంత?"

"వందలో నాలుగు వంతులకు కాస్త తక్కువ."

కర్టెన్లమ్మ మనసులోనే గోడలు కొలిచింది. పన్నెండు వంతులైతే నాలుగు గోడలు. నాలుగు వంతుల లోపంటే ఒక్క గోడ. మూడేళ్ల తాడు పనికి ఒక్క గోడ. ఆమె కౌంటరు మీదికి వంగింది. "సగం ఎప్పటికి తీరుతుంది?"

"పంతొమ్మిదో ఏట," అంది ఆ అమ్మాయి తెర చూసి. "పూర్తయ్యేసరికి మీరు కట్టేది మొత్తం, తీసుకున్న అప్పుకు రెండున్నర రెట్లు."

రెండున్నర రెట్లు ఆమె చెవికి ఎక్కలేదు. పన్నెండున్నర ఎక్కడ, పంతొమ్మిదో ఏడు ఎక్కడ. అంటే ఇంకో ఆరేళ్లు అతను తాడు మీదే. ఆరేళ్ల గాలి.

"ఇదంతా మాకు ముందే చెప్పాలి కదమ్మా," అంది.

"కాగితాల్లో ఉంటుంది ఆంటీ. అడిగితే చెప్తారు కూడా."

నిజమే. వాళ్లు అడగలేదు. ఇల్లెంత అని అడిగారు, నెలకెంత అని అడిగారు. మొత్తం ఎంత అని ఇద్దరిలో ఒక్కరికీ నోట రాలేదు. ఆమెకు తన మీద తనకే కోపం వచ్చింది. కొత్త గుడ్డ నీళ్లలో తడిపి ఆరబెట్టకుండా కత్తిరిస్తే, మొదటి ఉతుకుకే కర్టెను కుంచించుకుపోయి కిటికీ సగంలో వేలాడుతుంది. బేరానికి వచ్చిన ప్రతివాళ్లకూ ఈ సంగతి పాఠంలా చెప్పే మనిషి, ఇంటి దగ్గరకొచ్చేసరికి తడపకుండానే కత్తెర పెట్టేసింది.

ఇంటికొచ్చి చెప్పింది. మేస్త్రి అన్నం ముందు కూర్చున్నవాడు కూర్చున్నట్టే ఉండిపోయాడు. ముందుగా తేరుకున్నది అత్తగారే.

"రెండున్నర ఇళ్ల డబ్బు కడుతున్నామా? ఒక ఇల్లు ఇక్కడుంది సరే. మిగతా ఇల్లున్నర ఎక్కడుందో అడగలేకపోయావా? వెళ్లి కనీసం ఆ అర ఇంటి స్థలంలో కూరగాయలైనా వేసుకునేవాళ్లం."

ఎవరూ నవ్వలేదని చూసి ఆవిడే నవ్వింది.

మేస్త్రి చెయ్యి కడిగేసుకున్నాడు. "దీనికంత బెంగెందుకు? ఎక్కువ కడితే తొందరగా తీరుతుంది. కంపెనీవాడు ఇంకో రెండు బిల్డింగులు ఉన్నాయంటున్నాడు. సెలవు రోజుల్లో కూడా తాడెక్కుతా."

కర్టెన్లమ్మకు కోపం నషాళానికి అంటింది. "తాడు దిగడానికి ఇంకాస్త తాడెక్కుతావా? ఈ తెలివి ఎక్కడ నేర్చుకున్నావు బావా? బ్యాంకువాళ్లు వడ్డీ అంటే డబ్బనుకుంటున్నారు. నాకు వడ్డీ అంటే నువ్వు ఆ పలక మీద ఉండే రోజులు. అవి పెంచి అప్పు తగ్గించుకునే బేరం నాకొద్దు. ఇంకొక్క రోజు ఎక్కువ ఎక్కావంటే ఈ ఇల్లు బ్యాంకుకే ఇచ్చేసి మా నాన్న దగ్గరికి పోతా, మెరిసే వైపు కూర్చుంటా."

ఆమె అంత గట్టిగా మాట్లాడటం అతను ఎప్పుడూ వినలేదు. ఆమె భయమూ అతను అంతవరకూ వినలేదు. అద్దె కొట్టు ముందు నిలబడి మేడల వైపు చూసే సంగతి ఆమె ఎన్నడూ చెప్పలేదు మరి. ఆ రోజు చెప్పింది. కంపెనీవాడికి ఆ రెండు బిల్డింగులు వద్దని చెప్పేస్తానన్నాడు అతను.

వచ్చిన ఆదివారం పొద్దున్నే ఆమె లేచేసరికి ముందు గదిలో ప్రైమరు వాసన. మేస్త్రి నేలంతా పాత గుడ్డలు పరిచి, వీధి తలుపుకు ఎదురుగా ఉన్న గోడ ఒక్కటి వదిలి, మిగతా మూడు పసుపు గోడలకూ తెల్లకోటు కొడుతున్నాడు. పసుపు మీద తెలుపు ఒక పట్టాన నిలవదు. ఒక కోటుకు లోపల్నుంచి తొంగి చూస్తుంది. రెండోది వేస్తున్నాడు.

"వేసిన రంగు తీసేసే పెయింటర్ని ఈ భూమ్మీద నిన్నే చూశాన్రా," అంది అత్తగారు ముక్కున వేలేసుకుని. "ఉండనియ్యరాదూ. బ్యాంకువాడు వచ్చి చూస్తాడా?"

"డబ్బు ముట్టని గోడలమ్మా అవి. ఊరందరికీ ఒక రూలు, నాకొక రూలా?"

కర్టెన్లమ్మ గుమ్మంలో నిలబడి ఆ వీపు వైపు చూసింది. నవ్వాలో ఏడవాలో తెలియలేదు. మూడేళ్లు నెలనెలా గీత గీసి నింపుకున్నది, తన చేత్తోనే తుడిచేసుకుంటున్నాడు. ఒక్కసారి కూడా చెయ్యి ఆగలేదు. ఇంత నిజాయితీ ఉన్న మనిషిని ఎంత విసుక్కున్నా ప్రేమించక చచ్చేట్టు లేదని ఆమెకు అనిపించింది.

అప్పుడే ఆమె కళ్లు గది మీద పడ్డాయి. కుర్చీలన్నీ నడవలో ఉన్నాయి. గది ఖాళీగా, వెడల్పుగా, తెల్లగా ఉంది. మూడు గోడలూ ఎవరివో.

"బావా, ఈ మూడు గోడలు మనవి కావు కదా?"

"కావు."

"మరి వీటికి బల్ల గీసుకున్నా, నూనె మరక పడినా మనకేం?"

మేస్త్రి చేతిలో బ్రష్షు ఆగింది.

"బ్యాంకువి కదా," అంది ఆమె. "మరక పడితే బ్యాంకు చూసుకుంటుంది. మనవైనప్పుడు నువ్వెలాగూ ఆఖరి కోటు వేస్తావు."

అతను ఆమె వైపు చూశాడు, గోడ వైపు చూశాడు, మళ్లీ ఆమె వైపు చూశాడు. తన రూలులో ఎక్కడా దీనికి అడ్డం కనిపించలేదు. వెతికాడు కానీ కనిపించలేదు. వెనక నేల మీద కూర్చున్న అత్తగారు మాత్రం అప్పటికే తల వెనక్కి వాల్చి తెల్లగోడకు ఆనించి చూసింది. ఇన్నాళ్ల తర్వాత గోడకు ఆనిన తల కదా, అలాగే కాసేపు కళ్లు మూసుకుంది. తడి రంగు జుట్టుకు అంటుకుందని తర్వాత తెలిసింది.

నెల తిరిగేలోపు కొట్టు ఖాళీ చేశారు. తొమ్మిది అడుగుల బల్ల ముందు గదిలోకి వచ్చింది. మెయిన్ రోడ్డు బేరాలు కొన్ని పోతాయని కర్టెన్లమ్మ భయపడింది, పోయాయి కూడా. కానీ గుమ్మం దగ్గర కుర్చీ వేసుకుని కూర్చున్న అత్తగారిని దాటి వెళ్లడం ఎవరి తరం? కూరగాయలకు పోయే ఆవిడను ఆపి, "మీ కిటికీలు ఏ వైపు?" అని మొదలుపెట్టేది. ఆవిడ ఇంటికెళ్లేసరికి నాలుగు కిటికీలకు కొలతలు ఇచ్చి ఉండేది. పోయిన బేరాలకంటే వచ్చినవే ఎక్కువయ్యాయి.

కొట్టు అద్దె దాదాపు ఇంటి వాయిదాలో నాలుగో వంతు. ఆ డబ్బు ముట్టుకోకుండా తీసుకెళ్లి కర్టెన్లమ్మ బ్యాంకమ్మాయి ముందు పెట్టింది. "దీన్ని ఏం చెయ్యాలో నువ్వే చెప్పు. కుట్టుకూలిలో తగ్గిస్తాలే."

"కూలి తగ్గించకండి ఆంటీ," అని నవ్వింది ఆ అమ్మాయి. "వాయిదాకు తోడుగా ఇది నేరుగా అసలుకే జమ చెయ్యమని రాసివ్వండి. వాయిదా తగ్గించమని అడగొద్దు, గడువు తగ్గించమనండి. ఈ డబ్బుకు వడ్డీ వాటా ఏమీ ఉండదు. కట్టింది కట్టినట్టు అసలులో తగ్గిపోతుంది. ఆ తగ్గిన దాని మీద వచ్చే నెల నుంచి వడ్డీ కూడా పడదు."

"ఇలా ప్రతి నెలా కడితే?"

ఆ అమ్మాయి తెర మీద ఏవో అంకెలు కొట్టింది. "మొత్తం పదహారో ఏటికే తీరిపోతుంది."

"మొత్తం సంగతి తర్వాత. సగం?"

"పదకొండేళ్లకు."

కర్టెన్లమ్మ మళ్లీ చెప్పించుకుంది. పదకొండు. బావ మాటిచ్చిన దానికంటే ఏడాదిన్నర ముందే. బ్యాంకులో అందరి ముందూ ఏడిస్తే బాగుండదని పర్సులో లేని చిల్లర కోసం వెతుక్కుంది.

ఆ సాయంత్రం మేస్త్రి స్నానం చేసి పెన్సిలు తీశాడు. ఈసారి లెక్క తన ఊహతో వేయలేదు. ఆ నెలలో అసలులోంచి ఎంత తగ్గిందో భార్య చెప్పిన అంకె తీసుకుని అడుగుల్లోకి మార్చాడు. ఒకసారి వేసి తల గోక్కున్నాడు. మళ్లీ వేశాడు.

"ఎంతొచ్చింది?" అంది ఆమె.

"పది అడుగులు. ఒక జానెడు తక్కువేమో, అంతే."

మూడేళ్లు అబద్ధమని తెలియకుండా వేసుకున్న ఆ పది అడుగులు, మొదటిసారి నిజంగా వచ్చాయి. అతను గీత గీశాడు. రంగు నింపాడు. అయిపోయాక బ్రష్షు కడగడానికి వెళ్లకుండా ఆ గడి ముందే నిలబడ్డాడు. కర్టెన్లమ్మ బల్ల మీద గుడ్డ మడత పెడుతూ అతన్ని చూసింది.

తర్వాత తర్వాత గడి పెరగసాగింది. అసలు తగ్గేకొద్దీ వడ్డీ తగ్గి, వడ్డీ తగ్గేకొద్దీ ఎక్కువ అసలు తగ్గుతుందని బ్యాంకమ్మాయి చెప్పినప్పుడు అత్తగారికి తలకెక్కలేదు కానీ, పది అడుగులు పన్నెండై, పదిహేనై, ఇరవై కావడం కళ్లతో చూశాక పూర్తిగా అర్థమైంది. వీధిలో కొత్తగా అప్పు తీసుకునేవాళ్లందరికీ ఆవిడే సలహాదారు. "నెలకెంత అని అడగొద్దమ్మా, మొత్తం ఎంతో అడుగు. మేం అడక్క ఇల్లున్నర పోగొట్టుకోబోయాం. అర ఇంటికి పైనే వెనక్కి లాక్కొచ్చాం," అనేది. చూపించమంటే ముందు గది చూపించేది.

ఏళ్లు దొర్లాయి. పసుపు ముందు గది నింపి, నడవ దాటి, వంటింట్లోకి పాకి, మొదటి పడకగది చుట్టి వచ్చింది. ఒక్కో చోట అడ్డం వచ్చింది కూడా. ఒక ఏడు మేస్త్రి మోకాలు పట్టేసి నెలన్నర పని లేకపోతే అదనపు డబ్బు ఆగిపోయి, గడులు మళ్లీ చిన్నవయ్యాయి. తర్వాతి ఏడు ఒక హోటలువాళ్లు మొత్తం గదులన్నిటికీ కర్టెన్లు కుట్టించుకుంటే, కర్టెన్లమ్మ ఆ డబ్బంతా తీసుకెళ్లి అసలులో కుమ్మరించింది. ఆ నెల మేస్త్రి ఒక్క సాయంత్రంలో పూర్తి చేయలేక రెండో రోజు కూడా రంగు వేశాడు. ఇంత సంతోషంగా అలసిపోవడం అతనికి అదే మొదలు.

తాడు దిగే మాట మాత్రం ఆ రోజు తర్వాత ఆమె మళ్లీ ఎత్తలేదు. అతనూ ఎత్తలేదు. ఆమె రోజూ గోడలు చూసుకునేది. కర్టెను కదిలితే తలెత్తేది.

పదకొండో ఏడు నిండే నెలలో పెన్సిలు గీత లోపలి గోడల్లో ఆఖరిదానికి, రెండో పడకగది మంచం వెనక గోడకు వచ్చింది. మేస్త్రి మంచం జరిపి, గడి నింపి, బ్రష్షు కడిగి, భోజనం చేసి పడుకున్నాడు. అది సగమని ఇద్దరికీ తెలుసు. మర్నాడు పొద్దున అతను ఎప్పటిలాగే సంచీ తగిలించుకుని బయల్దేరాడు. కర్టెన్లమ్మ గుమ్మం దాకా వచ్చి ఆగిపోయింది. మర్చిపోయాడేమో. మర్చిపోలేదేమో, కూలి రెట్టింపు వస్తోంది కదా, ఇంకొన్నాళ్లు చూద్దామనుకుంటున్నాడేమో. అడుగుదామంటే నోరు రాలేదు. అడిగితే కాదంటాడేమోనని భయం.

మిషను ముందు కూర్చుంది కానీ కుట్టు వంకర పోయింది. విప్పింది. మళ్లీ వంకర పోయింది.

"ఆ గుడ్డ ఏం పాపం చేసిందే?" అంది అత్తగారు. ఆవిడకు చెవులు మందగించాయి గానీ కళ్లు కాదు.

పొద్దు నడినెత్తికి రాకముందే వీధి తలుపు చప్పుడైంది. మేస్త్రి లోపలికి వచ్చాడు. భుజం మీద అతను కూర్చునే పలక ఉంది. పదకొండేళ్ల రంగులన్నీ పొరలు పొరలుగా పట్టి, అసలు చెక్క ఏ రంగుదో తెలియకుండా పోయింది.

"తాళ్లు కంపెనీవి. ఇచ్చేశా," అన్నాడు. "పలక నాదే."

ఆమె లేచి నిలబడింది. "దాంతో ఏం చేస్తావు?" అంది.

"మడతలు పెట్టుకోడానికి అర లేదు, అర లేదు అని చంపుతున్నావుగా."

సంచీలోంచి సుత్తీ, మేకులూ తీశాడు. పలక భుజానెత్తుకుని నేరుగా వెళ్లి, వీధి తలుపుకు ఎదురుగా ఉన్న గోడ మీద పెట్టి చూశాడు. మొట్టమొదట నిజంగా వాళ్లదైన గోడ. కుర్చీ తగలనివ్వని గోడ. నూనె తల ఆననివ్వని గోడ. కాస్త ఎత్తు సరిచూసుకుని, మొదటి మేకు పెట్టి సుత్తితో ఒక్క దెబ్బ కొట్టాడు. నిమ్మపండు పసుపు పెచ్చు ఒకటి ఊడి నేల మీద పడింది.

"ఒరేయ్, గోడరా అది," అంది అత్తగారు కంగారుగా.

"డబ్బు ముట్టిందమ్మా," అన్నాడు అతను, రెండో మేకు నోట్లోంచి తీస్తూ.

కర్టెన్లమ్మ మళ్లీ మిషను ముందు కూర్చుంది. ఇప్పుడు కుట్టు తిన్నగా పోతోంది. కిటికీలోంచి గాలి విసురుగా వచ్చి, కొలతకు వేలాడదీసిన పొడుగు కర్టెనును ఎత్తి ఆమె మొహం మీదికి విసిరింది. ఆమె దాన్ని పక్కకు తీసి కుడుతూనే ఉంది. కాసేపటికి గానీ తను తలెత్తి బయటికి చూడలేదని ఆమెకు తట్టలేదు.

"గాలి హాయిగా ఉంది కదూ బావా," అంది.